సమస్య: చచ్చినతఁడు వచ్చి సంతకమిడె

నిర్వాహకుడు: ప్రభుత్వ పింఛనుదారు ఏటా నవంబరులో తాను బ్రతికే ఉన్నానని ధ్రువపత్రం ఇచ్చుకోవాలన్న నియమాన్ని తలచుకొంటుంటే ఈ పాదం తోచి నవ్వు ఆగలేదు. పూరించండి.

ఏటిగట్టు:
పేరు గొట్టివేసి పింఛను నాపిరి
లెక్కలోన తాత లేఁడటంచు;
నున్నవాఁడ ననుచు నుత్తరమును వ్రాసి
చచ్చినతఁడు వచ్చి సంతకమిడె.

గురులఘువు: భావం కుదిరింది కాని, ఏటిగట్టు గారికి ద్రుతంతో (తరువాతి ‘త’ను ‘ద’గా మార్చే పదాంత నకారంతో) ఉన్న పాత వైరం ఇంకా తీరినట్టు లేదు, రెండవ పాదం ‘లెక్కలోనఁ దాత’ అని ఉండవలసింది. పైగా ఇందులో సమస్యను విప్పిందేమీ లేదు, లోకంలో జరిగిందే పద్యమైంది. ఉత్తరప్రదేశ్‌లోని ఆజంగఢ్ జిల్లా రైతు లాల్ బిహారీ 1975 నుంచి 1994 వరకు భూమి రికార్డుల్లో మృతుడిగానే ఉండి, పేరు చివర ‘మృతక్’ అని చేర్చుకొని, తనవంటి వారితో ఒక సంఘమే పెట్టాడు.

ఏటిగట్టు: ‘ఉన్నవాఁడ’ నన్న ఉత్తరం క్రింద చచ్చినవాడి సంతకం పడటమే చమత్కారం, తమరు దాన్ని వదిలి అరసున్నను పట్టుకొన్నారు. వెనుకటి పూరణలో తమరు నేటి రైతును అడంగలు నకలు కోసం కరణం గారింటికి పంపారు. ఆ కరణీకాలు 1984లోనే రద్దయ్యాయని తెలిసీ, మర్యాదకు అప్పుడు నోరు మెదపలేదు.

పొలంగట్టు:
చెవికిఁ బోగు లేక చెల్లదు బీమాయ
టంచుఁ ద్రిప్పి త్రిప్పి డస్సఁ జేసి
కడకు నొప్పుకొనఁగఁ గాగితంబున గేదె
చచ్చినతఁడు వచ్చి సంతకమిడె.

నిర్వాహకుడు: ‘చచ్చిన’, ‘అతఁడు’ అని విడదీసి, చావును మనిషి మీదనుంచి గేదె మీదికి మళ్ళించిన ఈ విరుపు అద్భుతం. ‘కాగితంబున’ అన్న మాటలోనే పద్యం ప్రాణమంతా ఉంది. గేదె దొడ్లో ఎప్పుడో చచ్చింది, దస్త్రంలో ఇప్పటికి చచ్చింది. చెవిపోగు లేనిదే పరిహారం లేదన్నది పశుబీమాలో ఉన్న నిబంధనే.

ఏటిగట్టు: ‘టంచు’కు ‘డస్స’తో యతి వేసిన తీరు ముచ్చటగా ఉంది. ద్రుతాలన్నీ సరిగానే ఉన్నాయి కనుక గురులఘువు గారికి ఈ పూట పని లేదు.

గురులఘువు: విరుపు మెచ్చదగినదే. అయితే త్రిప్పినదెవరు, ఒప్పుకొన్నదెవరు? పద్యమంతా వెదికినా కర్త కానరాడు.

పొలంగట్టు: ‘పరిశీలించబడినది’, ‘తిరస్కరించబడినది’ అని వ్రాసే దస్త్రాల్లో కర్త ఎక్కడ కనబడ్డాడు గురువుగారూ, నా పద్యంలో కనబడటానికి?