'నగి నగి కాలము'లో మొదటి అక్షరం నకారమేనా?

అందరికీ నమస్కారం. మా పాప తొమ్మిదో క్లాసు, ఇక్కడే తిరుపతిలో, కథ ఒకటి రాస్తా ఉంది. అలిపిరి మెట్లెక్కే ఒకాయనకి మోకాళ్ల పర్వతం కాడ కాలం రెండుగా చీలిపోతుంది, ఒక కాలంలో ఆయన ఇంక నావల్ల కాదని వెనక్కి దిగిపోతాడు, ఇంకో కాలంలో పైకి పోయి దర్శనం చేసుకుంటాడు, రెండూ నిజమే, రెండూ పక్కపక్కన నడుస్తానే ఉంటాయి. ఆ చీలడానికి తెలుగు మాట కావాలంట, టైంలైన్ అంటే వద్దంటుంది. అప్పుడు నాకు మా అవ్వ సంగటి కెలుకుతా పాడే అన్నమయ్య పదం 'నానాటి బదుకు'లో 'పగి పగి కాలము నాటకము' అని ఒక ముక్క గుర్తొచ్చింది. పగలడమే గదా, ఇదే మాట అనుకున్నా. తీరా యూట్యూబులో వింటే అందరూ 'నగి నగి' అంటాండారు. అడుగుదామంటే అవ్వ లేదు. ఏది సరి?

———

నగి నగే మేడం, అనుమానం లేదు. యతి చూడండి. 'తెగదు పాపము తీరదు పుణ్యము', తె–తీ. 'నగి నగి కాలము నాటకము', న–నా. అక్కడ పకారం పెడితే యతి పోతుంది. ప్రాస మాత్రం గకారం (తెగదు, నగి, యెగువ, గగనము), అది 'పగి'కి కూడా సరిపోతుంది కాబట్టి అవ్వ చెవికి తేడా తెలిసుండదు.

———

యతి ఒప్పుకుంటా, పైగా పగులు అనే ధాతువుకి 'పగిలి' అని రావాలి గానీ 'పగి' రాదు. కానీ అర్థం దగ్గర నాకు ఎప్పటినుంచో ఇబ్బంది. నవ్వుతా నవ్వుతా కాలం గడిపేది నాటకం అని అందరూ చెప్తారు. పాపం తెగదు పుణ్యం తీరదు అని ఇప్పుడే చెప్పి, వెంటనే మనిషి నవ్వుతున్నాడంటే ఎట్లా? నగేది కాలమే. మనల్ని చూసి కాలం నగుతా ఉంది. కాలము అక్కడ కర్త.

———

కర్త అయితే దాని క్రియ ఏది సార్? 'నగి' అసమాపకం, వాక్యం ముగించదు గదా.

———

అదే పాటలో 'నట్టనడిమి పని నాటకము' అన్నప్పుడు క్రియ ఎక్కడుంది అన్నా? అదే వరస.

———

మీరంతా చరణం పట్టుకున్నారు గానీ పాపకి కావాల్సింది పల్లవి 'నానాటి బదుకు నాటకము'లోనే ఉంది. నానాటి. రోజూ వారీ బతుకు అనే అర్థం నాకూ తెలుసు, కానీ అన్నమయ్య అంత తేలిగ్గా వదిలే మనిషి కాదు. నానా అంటే పలు విధాల. ఒకే మనిషికి నానా బతుకులు, అన్నీ నాటకాలే. ఇదే గదా పాప రాసేది?

———

నాడు, నాటి, నానాటి. 'నానాటికీ తీసికట్టు నాగంభొట్లు' అని రోజూ అనే మాట. సంస్కృతం 'నానా'కి ఈ 'టి' ఎక్కడినుంచి వచ్చి తగులుకుంటుంది?

———

వ్యుత్పత్తి చెప్పలేదు అన్నా, శ్లేష అంటున్నా. నానా ఆట. పక్కనే నాటకము పెట్టినాడు గదా, ఆ 'నాట' రెండుసార్లు మోగేది ఊరికే కాదు. నాకు ఆయన పదాల్లో అన్నిటికన్నా ఇష్టమైన పల్లవి ఇది, నలబై ఏళ్లుగా వింటున్నా, ఈ మోతని కాదనలేను.

———

నాకు 'యెగువనె శ్రీవేంకటేశ్వరుడేలిక' కాడ ఒళ్లు పులకరిస్తుంది. మా ఇండ్లల్లో ఇప్పటికీ కొండ అంటే ఎగువ, ఊరు అంటే దిగువ. ఇంకో ఊరివాళ్లకి అది వట్టి దిక్కు, మనకి అడ్రస్. అట్లే 'బదుకు' కూడా, పక్కనే కన్నడం వాళ్లు ఇప్పటికీ అదే అంటారు.

———

అసలు ప్రశ్నకి వస్తే 'పాయ' పెట్టమనండి. కాలపాయ.

———

పాయ అంటే జడ గుర్తొస్తుంది, మూడు పాయలూ మళ్లీ అల్లుకుంటాయి. గోదావరి పాయలైతే ధవళేశ్వరం దాటి విడిపోయి దేని దారిన అది సముద్రానికి పోతుంది, అది కొంచెం నయం. 1957లో ఎవరెట్ అనే అమెరికా ఆయన, లోకం కొమ్మలు కొమ్మలుగా చీలుతుందని చెప్పిన సిద్ధాంతంలో కూడా విడిపోయినవి మళ్లీ ఒకదానికొకటి అందవు. కాబట్టి కొమ్మ మేలు. అయినా మనకిది కొత్తేం కాదు, భాగవతంలో బ్రహ్మ లేగల్ని గోపబాలుర్ని దాచేస్తే కృష్ణుడు అన్ని రూపాలూ తానే అయి ఏడాదిపాటు ఇండ్లకి పోయి వచ్చినాడు. దాచిపెట్టిన పిల్లలకి అది అరక్షణం. ఏ తల్లికీ తేడా తెలీలేదు. ఆ ఘట్టానికి పోతన కాక ఇంకెవరు కావాలి!

———

అందరికీ థాంక్స్. రాత్రి అమ్మకి ఫోన్ చేసి అడిగినా. అవ్వ పాడింది 'పగి'నే అంటుంది, అమ్మకీ అట్లే వచ్చు. ఇంకోటి కూడా చెప్పింది: మడవ. కాలవ గట్టున పారతో ఒక ముద్ద మట్టి తీసి ఇటు పెడితే నీళ్లు ఆ కయ్యకి (మడికి), అటు పెడితే ఈ కయ్యకి. కాలం మడవ తిరిగింది అని రాస్తే పాపకి చాలా నచ్చింది.

———

మాట బాగుంది మేడం, కానీ మడవ తిప్పితే మొదటి కయ్యకి నీళ్లు ఆగిపోతాయి. పాప కథలో రెండూ పారాల గదా.

———

అదీ అమ్మని అడిగినా. మట్టి సగమే తీస్తే రెండిటికీ పారుతుందంట, సన్నంగా. ఆ సగం తీసేదానికి వేరే పేరు ఉన్నింది, నోటి చివర ఉంది, రావట్లేదు అంటుంది. పలమనేరు, కుప్పం పక్క సేద్యం చేసేవాళ్లు ఎవరన్నా ఉంటే చెప్తారా?

———

చెప్తారు లెండి. కాలము కర్త కాదు అన్నదానికి మాత్రం నేను ఇంకా ఒప్పుకోలేదు.