ఫెస్పాకోకి వెళ్లొచ్చినవాళ్లు ఎవరైనా ఉన్నారా?

నమస్కారమండీ. ఉద్యోగరీత్యా ఘనాలో, అక్రాలో ఉంటున్నాను. పక్క దేశం బుర్కినా ఫాసో రాజధాని వాగడూగులో 1969లో మొదలైన ఆఫ్రికా సినిమాల పండుగ ఫెస్పాకో చిత్రోత్సవానికి వెళ్లాలని ఎప్పటినుంచో కోరిక. బేసి సంవత్సరాల్లో జరుగుతుంది కాబట్టి తర్వాతిది 2027లో. ప్రవాస ఆఫ్రికన్లు తీసిన సినిమాలకూ అక్కడ నల్లజాతి అమెరికన్ గాయకుడు, నటుడు పాల్ రోబ్సన్ పేరుతో బహుమతి ఉంది. నా ఆసక్తంతా వాటి మీదే.

ఇబ్బందల్లా భాష. ఫ్రెంచ్ నాకు బొత్తిగా రాదు. మోరే, బంబారా, వోలోఫ్ లాంటి పశ్చిమాఫ్రికా భాషల సినిమాలకు ఫ్రెంచ్ సబ్‌టైటిల్సేనా, ఇంగ్లీషువి కూడా వేస్తారా? దాని బదులు ట్యునీషియాలోని కార్తేజ్ చిత్రోత్సవానికి వెళ్లమని ఒక మిత్రుడి సలహా. అక్కడేమో అరబిక్, ఫ్రెంచ్! పెనం మీంచి పొయ్యిలో పడ్డట్టే కదా.

రెండోది భద్రత. బుర్కినా ఫాసోలో సాయుధ దాడుల వార్తలు చూసి అమ్మ ఒకటే టెన్షన్. రోడ్డు మీద వెళ్లే ఆలోచన నాకూ లేదు, విమానంలోనే వెళ్తాను. కానీ రాత్రి షో అయ్యాక హోటల్‌కి చేరడం ఎలా? ఏ పేటలో దిగితే హాళ్లు దగ్గర? పాస్ ముందే కొనాలా, హాలు దగ్గర టికెట్ దొరుకుతుందా?

ఈమధ్య వెళ్లినవాళ్లు చెబితే మేలు. ఏ సంవత్సరం వెళ్లారో కూడా రాయండి.