టైమ్‌షిప్‌ని కాలనౌక అంటే సరిపోతాదా, కాలపుటోడ అనొచ్చా?

తుంగభద్ర_గట్టు (కర్నూలు)

అన్నలూ అక్కలూ, ఒక మాట దగ్గర వారం రోజులుగా ఇరుక్కుపోయినా, సాయం చేయండి. మా పిల్లోడు ఎనిమిదో తరగతి, స్టార్ ట్రెక్ వాయేజర్ అనే ఇంగ్లీషు టీవీ సీరియల్ చూస్తా ఉన్నాడు, వానికోసం దాంట్లో వచ్చే ఓడల గురించి తెలుగులో నోట్సు రాస్తా ఉన్నా. 1999లో వచ్చిన ఒక ఎపిసోడ్‌లో రెలెటివిటీ అని 29వ శతాబ్దం ఓడ ఉంటాది, అది చుక్కల మధ్యనే కాదు, కాలంలో కూడా ముందుకీ వెనక్కీ పోతాది, జరిగిపోయినదాన్ని ఎవరన్నా కెలికితే పోయి సరిచేసేది దాంట్లో ఉండేవాళ్ల పని. ఇట్ల కాలంలో తిరిగే ఓడనే ఇంగ్లీషులో టైమ్‌షిప్ అంటారు. ఆ మోడల్ ఓడల్ని వెల్స్ క్లాస్ అంటారు. వెల్స్ అంటే 1895లో టైమ్ మెషిన్ నవల రాసిన హెచ్.జి. వెల్స్ గుర్తుకొస్తాడు కదా, ఆ పేరే.

ముందు కాలనౌక అనే రాసినా. రాసినాక చదువుకుంటే ఏదో కవిసమ్మేళనంలో కూర్చున్నట్టు అనిపించింది. జీవననౌక, సంసారనౌక ఇవన్నీ రూపకాలు కదా, సంసారమనే నౌక అని. ఆ వరసలో కాలనౌక అంటే కాలమే నౌక, మనమంతా దాంట్లో ఎక్కి పోతా ఉన్నామని అర్థమొస్తాది. నాకు కావాల్సింది అది కాదు. ఇక్కడ కాలం ఏరు, ఓడ వేరే, అది ఏటికి ఎదురు కూడా పోతాది. మా జేజి ముందర ఆ మాట చదివితే "ఎవురు రా కాలం చేసినారు" అనింది, కాలం అంటే ఆమెకి ముందు అదే గుర్తొచ్చింది.

అందుకే కాలపుటోడ అనుకుంటా ఉన్నా, వజ్రపుటుంగరం అంటాం చూడండి అట్ల. ఎట్లుంది?

పెన్న_ఇసుక (అనంతపురం)

అన్నా, అంతరిక్ష నౌక అని రోజూ పేపర్లో చదువుతాం, అంతరిక్షమే నౌక అని ఎవరూ అనుకోరు కదప్పా. అంతరిక్షంలో పోయే నౌక అని మనసు దానంతట అదే సర్దుకుంటాది. కాలనౌకా అంతే, నాలుగుసార్లు వాడితే సర్దుకుంటాది. కాలపుటోడ బాగుంది కానీ పద్యంలో మాట మాదిరి ఉంది, ఎనిమిదో తరగతి పిల్లోనికి ఆ "పుట" దగ్గర నాలుక మడతపడతాది.

మైదుకూరు_దోవ (కడప)

నాకు ఓడ అనే మాటే మనసొప్పదు. ఓడ అంటే ఓడిపోయేది అనిపిస్తాది, అంత పెద్ద యంత్రానికి ఆ పేరు ఎందుకు?

తుంగభద్ర_గట్టు

అక్కా, అవి వేరే వేరే మాటలు. తమిళంలో ఓడం అంటే పడవ, మన ఓడ దాని చుట్టం. ఓడిపోవడంలో ఓడు వేరే, ఇంక కారడం అనే అర్థంలో ఇంకో ఓడు కూడా ఉంది, చెమటోడ్చి పని చేసినాం అంటామే అది. మూడూ ఒకే తీరుగా వినపడతాయి, అంతే. అయినా ఓడని తీసేస్తే మన సామెతలు ఏమైపోవాల? ఓడ దాటేదాకా ఓడ మల్లయ్య, దాటినాక బోడి మల్లయ్య. ఓడలు బండ్లయితాయి, బండ్లు ఓడలయితాయి. సముద్రం మొహం చూడని మన సీమలో కూడా ముసలోళ్ల నోట్లో ఈ రెండూ ఆడతానే ఉంటాయి, పైగా రెండోది కాలం తిరగబడడం గురించే, ఈ ఓడకి అంతకంటే దగ్గర మాట నాకైతే దొరకలేదు.

సుంకేసుల_నీళ్లు (కర్నూలు)

సముద్రం లేదు నిజమే కానీ పడవలు లేవని అనొద్దు తమ్ముడూ. 1860ల్లో తవ్విన మన కేసీ కెనాల్, అంటే కర్నూలు-కడప కాలువ, పొలాల కోసమే కాదు, పడవల మీద సరుకు తోలేదానికి కూడా. దానికంటే ముందునుంచీ తుంగభద్రలో పుట్టి ఉండనే ఉంది. 1520ల్లో విజయనగరానికి వచ్చిన పోర్చుగీసు వర్తకుడు డొమింగో పేస్ ఈ గుండ్రటి బుట్ట పడవల్ని చూసి, ఒక్కోదాంట్లో 15, 20 మంది దాటుతారని, గుర్రాల్ని, ఎద్దుల్ని కూడా దాటిస్తారని రాసిపెట్టినాడు.

ఇది ఎందుకు చెప్తాండానంటే అదే సీరియల్లో ఇంకో టైమ్‌షిప్ ఉంది, ఏయాన్ అని, చిన్నది, ఒక్క మనిషి నడిపేది, అది 1967లో భూమ్మీద కూలిపోతాది. ఇంగ్లీషులో పెద్దదానికీ చిన్నదానికీ ఒకే మాట వాడేస్తారు. మనకి ఆ అవసరం లేదు. పెద్దది ఓడ, ఒంటి మనిషిది పుట్టి. కాలపు పుట్టి అనమను పిల్లోన్ని.

పెన్న_ఇసుక

పుట్టి అంటే 20 తూముల కొలత కూడా కదన్నా, కాలపు పుట్టి అంటే కాలాన్ని కొలిచినట్టు ఉంది. కానీ మాట చానా నచ్చింది, ఏటి ఒడ్డునోళ్లకి చప్పున అర్థమైపోతాది.

తుంగభద్ర_గట్టు

పుట్టి తీసుకుంటానన్నా, ఈ ఆలోచన నాకు తట్టనే లేదు. ఇంక క్లాస్ సంగతి. వెల్స్ తరగతి అని రాస్తే మావోడు "వెల్స్ సారు చెప్పే పాఠమా" అన్నాడు, వాని తప్పేం లేదు, తరగతి అంటే వానికి బెంచీలే. వెల్స్ మాదిరి అంటే మన సీమలో వెల్స్ లాగా ఉండేది అనుకుంటారు. పేపర్లలో కల్వరి శ్రేణి జలాంతర్గాములు అని రాస్తారు, శ్రేణి బాగానే ఉంది కానీ నాకు కొండల వరసే కండ్లముందు కొస్తాది.

మైదుకూరు_దోవ

నేవీలో మామూలుగా మొదటి ఓడ పేరే ఆ తర్వాత అదే నమూనాలో కట్టే వాటన్నిటికీ పెడతారు. 2021లో ఐఎన్ఎస్ విశాఖపట్నం వచ్చింది, దాని తర్వాతి మోర్ముగావ్, ఇంఫాల్, సూరత్ అన్నీ విశాఖపట్నం క్లాసే. అంటే ఒక అచ్చులో పోసినవి. దానికి కోవ అనే మాట సరిపోతాది చూడండి, ఆ కోవకి చెందినోడు అంటాం కదా. వెల్స్ కోవ ఓడ. తరగతి కన్నా నూరుపాళ్లు మేలు. ఓడ మీద నాకుండే అనుమానం కూడా తీరిపోయింది, ఆ చెమటోడ్చడం మాటతో.

తుంగభద్ర_గట్టు

కోవ! ఇదే కావాల్సింది అక్కా. పొద్దున్నే నోట్సు దిద్దినా, మొదటి వాక్యం ఇట్ల వచ్చింది: "రెలెటివిటీ అనేది వెల్స్ కోవకి చెందిన కాలపుటోడ, ఏయాన్ ఒక కాలపు పుట్టి." మావోడు రెండుసార్లు గట్టిగా చదివినాడు, నాలుక మడతపడలేదు. పడవ నడిపేటోన్ని సరంగు అంటారు కదా, మరి ఈ ఓడ కెప్టెన్‌ని కూడా సరంగు అనొచ్చా అని వాడు అడుగుతా ఉన్నాడు, దానికి మీరేమంటారు?