మేనరికాలు తగ్గబట్టే కట్నాలు పెరిగాయా?

నల్లరేగడి:

మా గుంటూరు వైపు పెద్దవాళ్లు తరచూ అంటుంటారు, మేనరికాలు మానేసినప్పటి నుంచే కట్నాలు నెత్తికెక్కాయని. ఈ మాట నిజమేనని నా నమ్మకం. కాదనేవాళ్లు కారణాలు చెప్పండి, వింటాను.

మేనత్త కొడుక్కి పిల్లనిచ్చినప్పుడు ఇచ్చేది అన్న, పుచ్చుకునేది చెల్లెలు. అక్కడ రొక్కం ఎంత, బంగారం ఎంత అని నిలదీసి అడగడానికి నోరు రాదు. పిల్ల సంగతి వాళ్లకూ, పిల్లాడి సంగతి వీళ్లకూ చిన్నప్పటి నుంచి తెలుసు. కోడలు కంటతడి పెడితే అత్తగారిని ఆవిడ సొంత పుట్టింటివాళ్లే నిలదీస్తారు. బయటి సంబంధంలో ఈ భయం ఎవరికుంది?

ఇది నా ఒక్కడి ఊహ కాదు. 1983లో టిమ్ డైసన్, మిక్ మూర్ అనే ఇద్దరు పరిశోధకులు ఉత్తరాదినీ దక్షిణాదినీ పోల్చి ఒక వ్యాసం రాశారు. ఉత్తరాదిలో పిల్లను ముక్కూ మొహం తెలియని ఇంటికి, దూరపు ఊరికి పంపుతారు. ఇక్కడ తెలిసినవాళ్లకు, దగ్గర ఊళ్లకు ఇస్తారు. ఇంట్లో ఆడవాళ్ల మాట చెల్లడంలో, పసిపిల్లల చావుల్లో రెండు ప్రాంతాలకూ ఉన్న తేడాకు ఈ చుట్టరికాల పద్ధతి పెద్ద కారణమని వాళ్ల వాదన. అంత రక్షణ ఇచ్చిన పద్ధతిని వదిలేసి మనం ఏం బాగుపడ్డాం?

పిల్లల డాక్టర్:

కట్నం సంగతి మిగతావాళ్లు మాట్లాడతారు. పుట్టే పిల్లల సంగతి పక్కన పెట్టి మేనరికాన్ని రక్షణ అంటే మాత్రం నేను ఒప్పుకోలేను.

చుట్టరికం లేని దంపతులకు పుట్టే ప్రతి వందమంది పిల్లల్లో ఇద్దరు ముగ్గురికి పుట్టుకతో తీవ్రమైన లోపం ఉంటుంది. బావామరదళ్లు పెళ్లి చేసుకుంటే అది సుమారు రెట్టింపవుతుంది. మేనమామ మేనకోడలిని చేసుకుంటే రక్తం ఇంకా దగ్గర కాబట్టి ప్రమాదం ఇంకా ఎక్కువ. తరతరాలుగా అదే ఇంట్లో ఇచ్చి పుచ్చుకుంటుంటే ఈ లెక్క కూడా సరిపోదు. మన దగ్గర ఈ విషయం మీద పని ఈనాటిది కాదు. 1960లలోనే జన్యుశాస్త్రవేత్త హాల్డేన్ శిష్యుడు ద్రోణంరాజు కృష్ణారావు, పి. మీరాఖాన్ కలిసి ఆంధ్రలో మేనరికాలు ఎన్ని, వాటి ఫలితాలేమిటి అని పరిశీలించారు.

వందలో తొంభై మందికి పైగా పిల్లలు ఆరోగ్యంగానే పుడతారు, నిజమే. మా ఓపీలో కూర్చునే తల్లికి మాత్రం ఆ మాట ఓదార్పు కాదండి.

పాలమూరు పిల్ల:

నల్లరేగడి అన్నా, "అత్తగారిని ఆవిడ పుట్టింటివాళ్లే నిలదీస్తారు" అన్నావు కదా. మా ఇంట్లో ఏం జరిగిందో చెప్తాను.

మా చిన్నమ్మను మా అమ్మమ్మ తన సొంత తమ్ముడికే ఇచ్చింది. వయసులో చాలా తేడా. ఆమె ఇష్టం ఎవరూ అడగలేదు. "మేనమామ ఉండగా బయటికెందుకు" అన్నారు, అంతే. ఆయన చెయ్యి చేసుకునేవాడు. ఆమె పుట్టింటికి వచ్చి చెప్పుకుంటే మా అమ్మమ్మ ఎవరి వైపు మాట్లాడాలి? కూతురి వైపు నిలబడితే తమ్ముడితో తెగిపోతుంది. తమ్ముడి వైపు నిలబడితే కూతురు ఏమైపోవాలి? ప్రతిసారీ నాలుగు రోజులు ఉంచుకుని, చీర పెట్టి, సర్దిచెప్పి పంపేది. చిన్నమ్మకు అది పుట్టిల్లు, ఆయనకు అది అక్కగారిల్లు. ఆయన నేరుగా వంటింట్లోకి వచ్చి కూర్చుని అన్నం పెట్టమనేవాడు.

అదే బయటి సంబంధమైతే మా తాత నలుగురు పెద్దమనుషులను వెంటేసుకుని పంచాయితీ పెట్టేవాడు. సొంత బామ్మర్ది కాబట్టి నోరు మూసుకున్నాడు. కట్నం ఇవ్వలేదన్న మాట నిజమే. ఆ మాటతోనే ఆమె నోరు కూడా మూయించారు.

రేపల్లె:

చిన్న డౌట్. అసలు మేనరికాన్ని చట్టం ఒప్పుకుంటుందా? ఒక లాయర్ ఒప్పుకోదన్నాడు, ఇంకొకాయన ఒప్పుకుంటుందన్నాడు.

సోషల్ మాష్టారు:

రేపల్లె గారూ, 1955 హిందూ వివాహ చట్టం దగ్గరి రక్తసంబంధాల్లో పెళ్లిని నిషేధించింది. అయితే ఇరువైపులా ఆ ఆచారం ఉంటే చెల్లుతుందని అదే సెక్షన్ చెబుతుంది. మన మేనరికాలు ఆ వెసులుబాటు మీదే నడుస్తున్నాయి.

ఇక అసలు చర్చకు వస్తాను. మానవశాస్త్రం చదువుకున్నవాణ్ణి, కొంచెం పొడుగ్గా రాస్తాను, ఓపిక పట్టండి.

మేనరికం దగ్గరితనం కోసం పుట్టిందని నల్లరేగడి గారి మాటల్లో ధ్వనిస్తోంది. రక్తంలో చూస్తే చిన్నాన్న కూతురూ మేనత్త కూతురూ ఒకే దూరం. ఒకరు చెల్లెలు, ఆ వరస తప్పితే ఊరు ఊరుకోదు. రెండోవారు మరదలు, చేసుకోకపోతే "అడగను కూడా లేదేం" అని అలకలు. అంటే ఈ నియమం చూసేది రక్తాన్ని కాదు. లోకంలో ఉన్న మనుషులందరినీ రెండుగా విడదీస్తుంది, దాయాదులు ఒకవైపు, వియ్యమందదగినవాళ్లు ఒకవైపు. ముక్కూ మొహం తెలియని మనిషి ఎదురైనా ఇంటిపేరు అడిగి రెండు నిమిషాల్లో ఏ వైపో తేల్చేస్తాం. ఆదిలాబాద్ రాజ్‌గోండుల్లో ఇది ఇంకా స్పష్టంగా ఉంటుంది. నాలుగు, ఐదు, ఆరు, ఏడు అన్నదమ్ముల సంతతి అని నాలుగు సగలు. ఒకే సగవాళ్లంతా అన్నాచెల్లెళ్లే, పిల్లను వేరే సగ నుంచే తెచ్చుకోవాలి. 1940లలో ఫ్యూరర్ హైమెండార్ఫ్ అనే మానవశాస్త్రవేత్త వాళ్ల మధ్య ఉండి ఇదంతా రాసిపెట్టాడు.

తమిళనాడులో పనిచేసిన ఫ్రెంచి మానవశాస్త్రవేత్త లూయీ డ్యూమో 1950లలో చెప్పింది ఇదే. ఆస్తి తండ్రి నుంచి కొడుక్కి వచ్చినట్టే, వియ్యం కూడా ఒక తరం నుంచి ఇంకో తరానికి వారసత్వంగా వస్తుందన్నాడు. మా నాన్నకు బావమరిది అయినవాడు నాకు మేనమామ. ఆయన కూతురు నాకు మరదలు. నాన్న కలిపిన వియ్యాన్ని నేను కొనసాగిస్తాను.

ఇది ఎంత పాతదంటే, మూడో శతాబ్దపు నాగార్జునకొండ శాసనాల్లోనే ఉంది. ఇక్ష్వాకు రాజు వీరపురుషదత్తుడి రాణుల్లో ఆయన మేనత్తల కూతుళ్లున్నారు. అక్కడి బౌద్ధుల మహాచైత్యానికి (పెద్ద స్తూపానికి) పెద్ద దాత అయిన మేనత్త చాంతిసిరి ఆయన్ని తన అల్లుడనే శాసనంలో చెప్పుకుంది. అంతకు ముందే ధర్మసూత్రాలు రాసిన బౌధాయనుడు మేనమామ కూతురిని, మేనత్త కూతురిని చేసుకోవడం దక్షిణాది ఆచారమని రాశాడు.

ఇప్పుడు కట్నం. మేనరికం ఇన్ని వందల ఏళ్లుగా ఉంటే దాని పక్కన అన్నిరకాల ఇచ్చిపుచ్చుకోవడాలూ నడిచాయి. పొలం పనులు చేసుకునే చాలా కులాల్లో మొన్నమొన్నటి వరకు మగపెళ్లివారే ఓలి ఇచ్చి పిల్లను తెచ్చుకునేవారు. కొన్ని బ్రాహ్మణ కుటుంబాల్లో కన్యాశుల్కం ఉండేది. భూములున్నవాళ్లు పసుపు కుంకుమ కింద పొలం రాసిచ్చేవారు. కాబట్టి మేనరికం ఉంటే కట్నం ఉండదు అనే సూత్రం చరిత్రలో నిలబడదు.

మరి ఏం మారింది? పెళ్లికొడుకు జీతగాడయ్యాడు. ఇంతకుముందు ఇద్దరు బావమరుదుల ఇళ్లు దాదాపు ఒకే అంతస్తు. ఒకింటి కొడుకు ఇంజినీరయ్యి, రెండో ఇంటి కూతురు పదో తరగతితో ఆగిపోతే ఆ సమానత్వం పోయింది. మానవశాస్త్రవేత్త కరిన్ కపాడియా తమిళ పల్లెల్లో చూసి రాసింది కూడా ఇలాంటిదే. అబ్బాయి చదువుకుని ఉద్యోగంలోకి వెళ్లిన ఇళ్లు మేనమామ కూతుర్ని కాదని, ఎక్కువ ఇచ్చే బయటి సంబంధాలకు మళ్లాయి. నల్లరేగడి గారు కారణాన్ని తిరగేశారని నా అభిప్రాయం. మేనరికం పోయాక కట్నం రాలేదు. కట్నం ఆశ చూపి మేనరికాన్ని పక్కకు నెట్టింది.

ఇంకో కారణం అందరి కళ్ల ముందే ఉంది, ఎవరూ పట్టించుకోరు. 2019–21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం ఆంధ్రలో ఒక స్త్రీకి సగటున 1.7 మంది, తెలంగాణలో 1.8 మంది పిల్లలు. తండ్రికి తోబుట్టువులే లేకపోతే ఆ పిల్లకు మేనత్త ఎక్కడి నుంచి వస్తుంది? వరసైన బావ, తగిన వయసులో, తగిన చదువుతో ఉండాలంటే అన్నాచెల్లెళ్లు చాలామంది ఉండాలి.

నల్లరేగడి:

మాష్టారూ, మీరు చెప్పినదాంట్లోనే నా మాట నిలబడుతోంది. కట్నం ఆశ పుట్టినవాడు మేనరికాన్ని ఎందుకు వదలాల్సి వచ్చింది? సొంత మేనమామను పది లక్షలు అడగలేడు కాబట్టి. అంటే మేనరికం కట్నానికి అడ్డంగా నిలబడిందనేగా? అడ్డు తీసేశాక వరద వచ్చింది.

పాలమూరు చెల్లెమ్మా, మీ చిన్నమ్మగారి బాధ చదివి చాలా కష్టమనిపించింది. నేను మేనమామ మేనకోడళ్ల పెళ్లిని సమర్థించడం లేదు. బావామరదళ్ల గురించే మాట్లాడుతున్నాను.

పాతబస్తీ:

అన్నా, మా వైపు చూడండి. హైదరాబాద్ ముస్లిం కుటుంబాల్లో మేనమామ, మేనత్త బిడ్డలనే కాదు, చిన్నాన్న కూతుర్ని, పిన్ని కూతుర్ని కూడా చేసుకోవచ్చు. మీకంటే మాకు ఇంట్లో సంబంధాలకు దారులెక్కువ. నిఖాలో పెళ్లికూతురికి మెహర్ సొమ్ము ఇవ్వాల్సింది అబ్బాయి. అయినా మా దగ్గర జోడా రఖమ్ అని అబ్బాయికి రొక్కం అడుగుతారు, సామాను అడుగుతారు. సొంత చిన్నాన్నను నేరుగా అడగరు, నిజమే. "ఫలానా వాళ్లు ఇంత ఇచ్చారట" అని ఖాలాతో, అంటే పిన్నితో చెప్పిస్తారు. ఇంట్లో సంబంధంలో బేరం ఉండదనేది ఉత్త మాట. బేరం మాట్లాడే మనిషి మారతాడు, అంతే.

పెదలంక:

పాతబస్తీ గారు చెప్పిందే మా కృష్ణా డెల్టాలో ఇంకోరకంగా జరిగింది. కాలవలు వచ్చాక ఎకరం విలువ పెరిగింది, పెళ్లిలో పొలం ముఖ్యమయ్యింది. మా నానమ్మ రెండెకరాలు తెచ్చింది. మా మేనత్తను నానమ్మ అన్న కొడుక్కే ఇచ్చినప్పుడు అదే రెండెకరాలు తిరిగి వెళ్లాయి. కట్నం లేని పెళ్లి కాదు, పొలం గట్టు దాటని పెళ్లి. ఆ కాగితాల్లో మా నానమ్మ పేరు ఎప్పుడైనా ఉందా అంటే లేదు. ఆవిడ పొలం అని అందరూ అనేవారు, శిస్తు కట్టిన రసీదులన్నీ తాతయ్య పేరునే.

ఇంకో ముచ్చట. మా ఇంట్లో ఒక పెళ్లికి మేనమామను ముందు అడక్కుండా బయటి సంబంధం కుదుర్చుకున్నారు. ఆయన పెళ్లికి రాలేదు. పెళ్లికూతురిని గంపలో కూర్చోబెట్టి పీటల మీదికి తెచ్చేది మేనమామే కదా. ముహూర్తం దాటిపోతుందని చివరికి వరసకు మేనమామ అయ్యే ఇంకొకాయన్ని పట్టుకొచ్చారు. పెళ్లి జరిగింది గానీ రెండిళ్లకూ పదేళ్లు మాటల్లేవు. మేనరికం ఒక హక్కులా నడిచింది, అందులో అమ్మాయి హక్కు ఒక్కటే లేదు.

పిల్లల డాక్టర్:

మేనరికం మానేస్తే చాలు, పిల్లలకు ఏ గొడవా ఉండదనుకునేవాళ్లకు ఒక మాట. హైదరాబాద్‌లోని జీవశాస్త్ర పరిశోధన సంస్థ సీసీఎంబీలో తంగరాజ్ బృందం, హార్వర్డ్ నుంచి డేవిడ్ రైక్ బృందం కలిసి 2017లో ఒక అధ్యయనం ప్రచురించారు. దక్షిణాసియాలో చాలా కులాలు కొద్దిమంది పూర్వీకుల నుంచి పెరిగి, వందల ఏళ్లుగా లోపలే పెళ్లిళ్లు చేసుకోవడం వల్ల కొన్ని జబ్బుల జన్యువులు వాళ్లలో పేరుకుపోయాయని తేల్చారు. ఉదాహరణకు వైశ్యుల్లో ఒక ఎంజైమ్ లోపం ఎక్కువగా కనిపిస్తుంది. ఆపరేషన్ ముందు కండరాలు సడలడానికి ఇచ్చే ఒక మందు ఆ లోపం ఉన్నవాళ్లకు ఎంతకీ దిగదు. మత్తు డాక్టరుకు ముందే చెప్తే మందు మారుస్తారు. బావను కాదని అదే చిన్న కులంలో ఇంకొకరిని చేసుకున్నా ప్రమాదం తగ్గుతుంది, పూర్తిగా పోదు. పెళ్లి ఎవరితో అయినా, ఇంట్లో ఏదైనా జబ్బు ఉంటే ముందే జెనెటిక్ కౌన్సెలింగ్‌కు వెళ్లండి.

నల్లరేగడి:

పాతబస్తీ అన్నా, పెదలంక గారూ, మీ ఉదాహరణలు కాదనను. అయినా ఒకటి అడుగుతాను. గట్టు దాటని పొలంలో కనీసం పంట ఆ పిల్ల తినేది. ఇప్పుడు ముప్ఫై లక్షలు రొక్కం ఇస్తున్నారు, అది మామగారి అప్పు తీర్చడానికో ఆడపడుచు పెళ్లికో పోతోంది. తెలియని ఇంట్లో ఆ పిల్ల ఎవరిని అడుగుతుంది?

పాలమూరు పిల్ల:

అన్నా, తెలిసిన ఇంట్లో కూడా అడగలేదు. పెదలంక గారి నానమ్మ అడిగిందా?

ఆడపిల్ల పుట్టింటికి దగ్గర్లో ఉండడం మంచిదే, డైసన్, మూర్ చెప్పినదాంట్లో ఆ ముక్క నేనూ ఒప్పుకుంటా. బస్సెక్కితే గంటలో అమ్మ దగ్గరికి పోగలగాలి. దానికి మొగుడు బావే కానక్కర్లేదు. నాది బయటి సంబంధం, నాగర్‌కర్నూల్ నుంచి మహబూబ్‌నగర్.

ఆస్తి సంగతి సూటిగా చెప్తా. 1986లో ఎన్టీఆర్ ప్రభుత్వం హిందూ వారసత్వ చట్టానికి తెచ్చిన సవరణతో ఉమ్మడి ఆస్తిలో కూతురికి కొడుకుతో సమానంగా వాటా వచ్చింది. దేశమంతా అది 2005లో వచ్చింది. అయినా మా ఊళ్లో "పెళ్లికి ఇచ్చాం కదా" అని ఆడపిల్లతో సంతకం పెట్టించుకోవడం మానలేదు. నా పెళ్లప్పుడు మా నాన్న రొక్కం ఇస్తానంటే నేను వద్దన్నా. అదే డబ్బుకు వచ్చే ప్లాటు నా ఒక్కదాని పేరున రిజిస్ట్రేషన్ చేయించమన్నా. మా అత్తగారివాళ్లు రెండు నెలలు మొహం ముడుచుకున్నారు, మధ్యవర్తి సంబంధం పోతుందని భయపెట్టాడు. మా నాన్నకు టెన్షన్‌తో బీపీ పెరిగింది. సంబంధం పోలేదు. డాక్యుమెంటు నా బీరువాలోనే ఉంది. నాకు మరదలి వరసయ్యే అమ్మాయికి ఇప్పుడు సంబంధాలు చూస్తున్నారు, ఆమె కూడా ఇదే అడుగుతోంది. బావకిచ్చి చేసినా సరే, బయటివాడైనా సరే అంటోంది.

సోషల్ మాష్టారు:

అమ్మా, ఆ డాక్యుమెంటుతో పాటు ఈసీ (ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) కూడా తీసిపెట్టుకో. మీ మరదలికి కూడా చెప్పు.