"యాక్షన్" కామిక్‌ను 1976లో ఆపేయడం సరైన పనేనా?

లీసెస్టర్ రామం:
పోయిన నెల ఇక్కడ పాత సామాన్ల సంతలో "యాక్షన్" అనే పిల్లల వారపత్రిక సంచికలు రెండు దొరికాయి. కాగితం పచ్చబడింది, ముట్టుకుంటే అంచులు రాలుతున్నాయి. తెలియనివాళ్ల కోసం చెప్తున్నా. లండన్‌లోని ఐపీసీ కంపెనీ దీన్ని 1976 ఫిబ్రవరి 14 తేదీతో మొదలుపెట్టింది. ధర 7 పెన్నీలు. రూపకల్పన ప్యాట్ మిల్స్‌ది. దవడకి ఇనుప కొక్కెం గుచ్చుకుని మంచీ చెడ్డా చూడకుండా మనుషుల్ని నమిలేసే సొర చేప "హుక్ జా". పెద్దవాళ్లంతా రోగంతో పోయాక లండన్ వీధుల్లో గ్యాంగులు కట్టి కొట్టుకునే పిల్లల కథ "కిడ్స్ రూల్ ఓకే". పేపర్లలో "ఏడు పెన్నీల పీడకల" అని తిట్టారు. కంపెనీ తరఫున బీబీసీ టీవీకి వెళ్లిన జాన్ శాండర్స్‌ని యాంకర్ ఫ్రాంక్ బౌ అందరి ముందూ కడిగేశాడు. అక్టోబరు 23 సంచికను అచ్చు వేసి కూడా అమ్మకుండా గుజ్జు చేయించారు. డిసెంబరు 4న మళ్లీ వచ్చింది గానీ, అప్పటికే కోరలు పీకేశారు. మరుసటి ఏడాది నవంబరులో "బ్యాటిల్" అనే ఇంకో పత్రికలో కలిపేశారు.

నా లెక్కలో ఇది అన్యాయం. యుద్ధం కామిక్స్‌లో వారం వారం జర్మన్లు గుట్టలుగా చచ్చేవారు. దానికి ఎవరూ ఏమీ అనలేదు. ఇంగ్లీషు కూలివాడి కొడుకు పెద్దవాళ్ల మీద చెయ్యెత్తేసరికి మాత్రం కొంప మునిగింది. గొడవంతా రక్తం గురించి కాదు, అది ఎవరి రక్తం అన్నదాని గురించి.

వరం టీచర్:
రామం గారూ, మీరు సొర చేపని ముందు పెట్టి వాదిస్తున్నారు. దాన్ని చూసి ఏ పిల్లాడూ సొర చేప అయిపోడు. "లుక్ ఔట్ ఫర్ లెఫ్టీ" సంగతి ఎందుకు చెప్పలేదు? ఫుట్‌బాల్ కథ. హీరోని సతాయిస్తున్న ఆటగాడి మీదికి హీరో స్నేహితురాలు ప్రేక్షకుల్లోంచి సీసా విసురుతుంది. హీరో మనసులో ఆమెని మెచ్చుకుంటాడు. అప్పట్లో ఇంగ్లండులో శనివారం వస్తే స్టేడియంలో కొట్లాటలే. 1974లో బ్లాక్‌పూల్ మైదానంలోనే ఒక కుర్రాణ్ణి పొడిచి చంపారు. అలాంటి రోజుల్లో, రేపు మ్యాచ్‌కి వెళ్లబోయే పదేళ్ల పిల్లాడి చేతిలో ఆ పేజీ పెట్టడం తెలివైన పనా?

నా క్లాసులో ఒకడు టీవీలో కుస్తీ చూసొచ్చి పక్కవాణ్ణి బెంచీ మీదినుంచి ఎత్తి కింద పడేశాడు. రెండు పళ్లు పోయాయి. తల్లిదండ్రులకి సమాధానం చెప్పుకున్నదాన్ని నేను.

గట్టు మీద కాకి:
ప్రభుత్వమే బ్యాన్ చేసిందనుకుంటా కదా? చేసి మంచి పని చేసింది.

పాత బొమ్మల పిచ్చి:
లేదన్నా, ప్రభుత్వం వేలు కూడా పెట్టలేదు. కంపెనీయే భయపడి వెనక్కి తీసుకుంది. చట్టం అయితే ఉంది, 1955 నాటిది. నేరం, హింస, క్రూరత్వం బొమ్మల్లో చూపించి పిల్లల్ని పాడుచేసే పుస్తకాలు అమ్మితే శిక్ష. కానీ కేసు నడపాలంటే అటార్నీ జనరల్ అనుమతి కావాలి. యాక్షన్ మీద అసలు కేసే పడలేదు.

ఆ చట్టం వెనక తమాషా ఉంది. 1954లో గ్లాస్గోలో వందల మంది పిల్లలు కర్రలు, కత్తులు పట్టుకుని రాత్రిపూట శ్మశానంలోకి దూరారు. ఇనుప పళ్ల రాక్షసుడు ఏడడుగుల ఎత్తున తిరుగుతున్నాడట, ఇద్దరు పిల్లల్ని తినేశాడట, వాణ్ణి పట్టుకోవాలట. నేరమంతా అమెరికా నుంచి వచ్చే భయం కామిక్స్ మీద వేశారు. తీరా చూస్తే అలాంటి రాక్షసుడు ఏ కామిక్‌లోనూ దొరకలేదు. ఇనుప పళ్ల మృగం బైబిల్లో ఉంది, దానియేలు గ్రంథంలో! ఇనుప పళ్ల ముసలిదాని మీద స్కాట్లండ్ పిల్లలకి ఓ పాత పద్యం కూడా ఉంది. వాటి మీద ఏ చట్టమూ రాలేదు.

వరం టీచర్:
కథ బాగుంది బాబూ. కానీ దాన్నిబట్టి 1955లో భయం తప్పని తేలుతుందే గానీ, 1976లో సీసా విసరడం తప్పు కాదని ఎలా తేలుతుంది?

పాత బొమ్మల పిచ్చి:
ఒప్పుకుంటా మేడం, సీసా పేజీ నాకూ మింగుడుపడలేదు. కానీ ఆపేసి సాధించిందేమిటి? అదే మిల్స్ 1977 ఫిబ్రవరిలో "2000 ఏడీ" అనే సైన్స్ ఫిక్షన్ కామిక్ మొదలుపెట్టాడు. సొర చేప పోయి "షాకో" అనే తెల్ల ఎలుగుబంటి వచ్చింది, అదీ మనుషుల్నే తింది. కథ మాత్రం భవిష్యత్తులోకో, మంచు దేశాలకో జరిగింది. ఇనుప పళ్లయితే నేరం, రోబో చేతులైతే సైన్స్ ఫిక్షన్!

లీసెస్టర్ రామం:
అదే మిల్స్ 1979లో "చార్లీస్ వార్" అనే యుద్ధం కామిక్ రాయడం మొదలుపెట్టాడు, బొమ్మలు జో కహూన్. పదహారేళ్లవాడు వయసు దాచి 1916లో సైన్యంలో చేరతాడు. గుండు పడి స్నేహితుడు పోతే, మిగిలిన ముక్కల్ని సంచిలో వేసుకుని మోసుకెళ్తాడు. యాక్షన్‌లో ఎక్కడా అంత భయంకరమైన పేజీ లేదు. టీచర్ గారూ, దీన్నీ ఆపేయమంటారా?

వరం టీచర్:
అనను. ఆ సంచి బరువు పిల్లాడికి తెలుస్తుంది. సీసా బరువు తెలియదు. నా అభ్యంతరం అంతే. సరే గానీ, మీ ఇంట్లోనూ పదేళ్ల అబ్బాయి ఉన్నాడు కదా, ఆ రెండు సంచికలూ వాడికిచ్చారా?

లీసెస్టర్ రామం:
ఒకటిచ్చాను. రంగుల పేజీల్లో సొర చేపని చూసి పడీపడీ నవ్వాడు, మిగతావన్నీ "బ్లాక్ అండ్ వైటా" అని పక్కన పడేశాడు.

రెండోది సెప్టెంబరు 18 సంచిక. కవర్ మీద ఒక కుర్రాడు గొలుసు ఎత్తి పట్టుకుని ఉంటాడు, కింద ఒక మనిషి పడి ఉంటాడు, దగ్గర్లో పోలీసు టోపీ. అది అలమారలో పై అరలో ఉంది. ఎందుకని అడక్కండి.

గట్టు మీద కాకి:
అడిగేశాం అన్నా.