అనేక వాద్యాలు వాయించగలగడం సెషన్ వాద్యకారుడికి బలమా, బరువా?

ప్రశ్న: ఆరుతీగలు

అందరికీ నమస్కారం. పన్నెండేళ్లుగా గిటారు వాయిస్తున్నాను. బేస్ గిటారు, మాండలిన్ కూడా ధైర్యంగానే వాయిస్తాను. కీబోర్డు అవసరానికి సరిపడేటంత వచ్చు. హార్మోనికాను మాత్రం తెలిసినవాళ్ల ముందే బయటికి తీస్తాను. ఇంతకాలం ఒకే బృందంతో వేదికల మీద వాయించిన నేను, ఇకపై ఇతరుల పాటలకు స్టూడియోలో వాయించే సెషన్ వాద్యకారుడిగా బతుకుతెరువు చూసుకోవాలనుకుంటున్నాను.

ఇటీవల ఒక రికార్డింగుకు వెళ్లినప్పుడు, ఏమేమి వాయిస్తారని అరేంజరు (పాటకు వాద్యాల కూర్పు చేసే ఆయన) అడిగితే ఐదు వాద్యాల పేర్లూ ఏకబిగిన చెప్పేశాను. ఆయన చిన్నగా నవ్వి, "బాగుంది. వీటిలో మీది ఏది?" అన్నారు. నేను తడుముకుంటూ ఉండగానే గిటారు చేతికిచ్చి పని మొదలుపెట్టారు. ఆ రోజు పని సాఫీగానే జరిగింది గాని, ఆ మాట మాత్రం ముల్లులా ఉండిపోయింది.

పేరొందిన బహువాద్యకారులు తమకు వచ్చిన ప్రతి వాద్యాన్నీ సమానంగా సాధన చేసి ఆ స్థితికి చేరారా, లేక ఒకదానిని గట్టిగా పట్టుకుని తక్కినవాటిని దాని ఆసరాతో పెంచుకున్నారా? అన్నీ కొంచెం కొంచెం వచ్చినవాడికంటే ఒక్కటి పూర్తిగా వచ్చినవాడినే పిలుస్తారన్నది నిజమేనా? ఈ రంగాన్ని లోపలినుంచి చూసినవారు చెబితే నా రోజువారీ సాధనను అందుకు తగ్గట్టు మార్చుకుంటాను.

సమాధానం: మిక్సింగ్‌గది

ఆరుతీగలు గారూ, నేను వాద్యకారుడిని కాను. అద్దానికి ఇవతల కూర్చునే రికార్డింగ్ ఇంజనీరును. నాకు కనిపించేది చెబుతాను. మొదటిసారి మనిషిని పిలిపించేది ఒకే ఒక్క వాద్యం. ఆ తరువాత మళ్లీ మళ్లీ పిలిపించేవి తక్కినవి. మీరు ఆ అరేంజరుకు రెండో సంగతిని ముందు చెప్పారు.

దీనికి నాకు తెలిసిన మంచి ఉదాహరణ అమెరికాలోని నాష్‌విల్‌లో పనిచేసిన చార్లీ మెకాయ్. 1941లో పుట్టిన ఆయన గిటారుతో, పాటతో పైకి రావాలన్న ఆశతోనే ఆ ఊరు చేరారు. అయితే గిటారు వాయించేవారికి అక్కడ ఏనాడూ కొరత లేదు. కొరత ఉన్నది హార్మోనికాకు. 1961లో స్టూడియోలో ఆయనకు తొలి అవకాశం హార్మోనికా వల్లనే వచ్చింది. అదే ఏడాది గాయకుడు రాయ్ ఆర్బిసన్ పాటలో వాయించిన హార్మోనికాతో నలుగురి దృష్టిలోనూ పడ్డారు. గిటారు, బేస్, ట్రంపెట్, వైబ్రాఫోన్ వంటివన్నీ ఆయన వెంట స్టూడియోలోకి వచ్చింది ఆ తరువాతే. పని ముమ్మరంగా ఉన్న రోజుల్లో ఏడాదికి నాలుగు వందలకు పైగా సెషన్లు చేశారని చెబుతారు. 2009లో కంట్రీ మ్యూజిక్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో ఆయనకు చోటు దక్కింది.

ఆయన గురించి తరచుగా చెప్పుకునే సంగతి ఒకటి ఉంది. 1966లో గాయకుడు బాబ్ డిలన్ నాష్‌విల్ వచ్చి రికార్డు చేస్తున్నప్పుడు ఒక పాటలో ట్రంపెట్ బిట్ చిన్నది అవసరమైంది. పాట అయిపోయాక పైనుంచి మరో వాద్యాన్ని చేర్చడం, అంటే ఓవర్‌డబ్ చేయడం, డిలన్‌కు ఇష్టం లేదు. ట్రంపెట్ వచ్చింది మెకాయ్‌కే, ఆ పాటలో బేస్ వాయిస్తున్నదీ మెకాయే. ఆయన ఎడమచేత్తో బేస్ నడుపుతూనే కుడిచేత్తో ట్రంపెట్ ఎత్తి ఆ బిట్ ఊదేశారని, అదే గదిలో ఆర్గన్ వాయించిన అల్ కూపర్ తరువాత చెప్పారు. అందరూ దీన్ని గారడీలాగా చెప్పుకుంటారు. నన్ను ఆశ్చర్యపరిచేది మాత్రం ఆ బిట్ ఎంత చిన్నదో, దాని కింద బేస్ ఎంత నిలకడగా సాగిందో అన్నదే. ట్రంపెట్ తడబడితే వినేవాడు సర్దుకుంటాడు గాని బేస్ ఆగితే పాటే ఆగిపోతుందని ఎరిగినవాడు చేసిన పని అది.

కెరల్ కే కథ మరో దారిది. జాజ్ గిటారు వాయించే ఆమె 1957 నుంచి లాస్ ఏంజిలిస్ స్టూడియోలలో గిటారిస్టుగా పనిచేశారు. 1963లో ఒక రోజు బేస్ వాయించవలసిన వ్యక్తి రాకపోవడంతో ఆ వాద్యం ఆమె చేతికి వచ్చింది. అప్పటినుంచి ఆమె పేరు చెబితే గుర్తుకొచ్చేది బేసే. గిటారు పనికైతే ఐదారు గిటార్లు మోసుకెళ్లాలి, బేస్ అయితే ఒక్కటి చాలు అని ఆమె చెప్పిన కారణం నాకు భలే నచ్చుతుంది. ఇంత పెద్ద జీవితపు మలుపులో సామాను బరువుకు కూడా పాత్ర ఉందన్నమాట.

ఇక సాధన సంగతి. వాద్యం మారినా మారనిదానిని ముందు గట్టిచేసుకోండి. నాష్‌విల్ వాద్యకారులు వాడే నంబర్ పద్ధతి ఇందుకు బాగా పనికొస్తుంది. 1950ల చివర్లో జోర్డనైర్స్ అనే గాయకబృందానికి చెందిన నీల్ మాథ్యూస్ దీన్ని తమ వాడుక కోసం మొదలుపెట్టగా, మెకాయ్ వంటివారు వాద్యకారుల అవసరాలకు తగినట్టు పెంచారు. కార్డులను, అంటే కలిపి పలికించే స్వరాల గుంపులను, అక్షరాలతో కాకుండా 1, 4, 5 అని అంకెలతో రాస్తారు. గాయని గొంతుకు అందడం లేదు, శ్రుతి ఒక మెట్టు దించండి అన్నప్పుడు కాగితం మీద ఏమీ మార్చనక్కరలేదు. షడ్జాన్ని ఎక్కడ నిలుపుకున్నా సరిగమలు అవే అయినట్టు. మూడు గంటల సెషన్‌లో మూడు నాలుగు పాటలు పూర్తి చేయవలసి వచ్చే చోట, డెమో వినిపిస్తుండగానే ఈ కాగితం రాసుకుని, అది ముగిసేసరికి వాయించడానికి సిద్ధంగా ఉండేవాడికి, తెలిసిన వాద్యాల లెక్కకంటే ఈ అలవాటే ఎక్కువ అన్నం పెడుతుంది.

ఒక చిన్న మాట. గిటారు సెషన్లకు గుండీల చొక్కా వేసుకోకండి. గుండీ గిటారు వెనుక చెక్కకు తగిలి చేసే టిక్కు శబ్దం మీకు వినబడదు, నా మైకుకు వినబడుతుంది.

సమాధానం: గాలివాద్యం

మిక్సింగ్‌గది గారి మాట తీగ వాద్యాల వరకు నిజం. మా వైపు అది సగమే చెల్లుతుంది. సంగీత నాటకాల ఆర్కెస్ట్రాలో శాక్సఫోన్, క్లారినెట్, ఫ్లూట్ వాయించేవారికి ఇచ్చే స్వరపత్రాన్ని రీడ్ బుక్ అంటారు. ఒక్క కుర్చీలో కూర్చున్న మనిషి ఒకే సాయంత్రం మూడు నాలుగు వాద్యాలు మార్చి వాయించాలని అందులోనే రాసి ఉంటుంది. ఒక్కటే వచ్చినవాడు ఎంత గొప్పవాడైనా ఆ కుర్చీలో కూర్చోలేడు.

అయితే బయటివారికి ఒకే కుటుంబంలా కనిపించే ఈ వాద్యాలు చేతికీ నోటికీ వేర్వేరు లెక్కలు చెబుతాయి. శాక్సఫోన్‌లో పై స్థాయికి వెళ్లే మీట నొక్కితే అదే వేళ్ల అమరిక సరిగ్గా ఒక అష్టకం పైన పలుకుతుంది. క్లారినెట్‌లో అదే పని చేస్తే అష్టకం దాటి మరో పంచమం పైకి పోతుంది. అందుకే అక్కడ కింది స్థాయికీ పై స్థాయికీ వేళ్లు వేర్వేరుగా నేర్చుకోవాలి. ఫ్లూట్‌కు రీడే, అంటే ఊదితే కంపించి నాదమిచ్చే పలుచని బద్దే, లేదు. గంటసేపు శాక్సఫోన్ ఊదిన పెదవులు వెంటనే ఫ్లూట్ మీదికి వస్తే గాలి తప్ప నాదం రాదు.

ఒకసారి నాకు శాక్సఫోన్ దించి క్లారినెట్ ఎత్తడానికి ఎనిమిది బార్ల (తాళపు ఆవృత్తాల) వ్యవధి ఉంది. చేతులు సకాలంలోనే మారాయి. కానీ అరగంటగా స్టాండు మీద ఉన్న క్లారినెట్ రీడ్ ఎండిపోయి, మొదటి స్వరమే కీచుమంది. కండక్టర్ తల తిప్పలేదు, కనుబొమ్మ మాత్రం ఎత్తారు. అప్పటినుంచి మార్పుకు ఇరవై బార్ల ముందు ఎక్కడ విరామం దొరికితే అక్కడ క్లారినెట్‌ను ఒక్కసారి నోటికి తాకించి దించుతాను. స్వరపత్రం మీద ఆ చోట పెన్సిల్‌తో "తడుపు" అని రాసుకుంటాను. ఎన్ని వాద్యాలు వచ్చన్నదానికంటే ఒకదానినుంచి మరొకదానికి ఎంత శుభ్రంగా దాటగలరన్నదానిని సాధన చేయండి. దాన్ని విడిగా సాధన చేసేవారు చాలా తక్కువ.

ఈ శ్రమకు ప్రతిఫలం లేకపోలేదు. అమెరికా వాద్యకారుల సంఘం రికార్డింగ్ ఒప్పందంలో, ఒకే సెషన్‌లో రెండో వాద్యం వాయిస్తే మూల వేతనం మీద 20 శాతం, ఆపైన ప్రతి వాద్యానికీ 15 శాతం చొప్పున అదనంగా చెల్లించాలని ఉంది. డ్రమ్ముల సెట్టు మొత్తాన్ని మాత్రం ఒకే వాద్యంగా లెక్కిస్తారు, పాపం.

సమాధానం: పాతటేపు

ప్రతి వాద్యాన్నీ మొదటినుంచి నేర్చుకున్నారా అని అడిగారు కదా. లాస్ ఏంజిలిస్ గిటారిస్టు టామీ టెడెస్కో నేర్చుకోలేదు, ఆ సంగతి దాచుకోనూ లేదు. సినిమా రికార్డింగుల కోసం మాండలిన్, బలలైకా, బుజూకీ వంటివి ఏవి అడిగినా తెచ్చేవారు. తెచ్చి, వాటి తీగలను గిటారు శ్రుతికి మార్చుకుని, తనకు అలవాటైన వేళ్లతోనే వాయించేవారు. కావలసింది ఆ వాద్యపు నాదమే గాని ఆ వాద్యపు వ్యాకరణం కాదు కదా అన్నది ఆయన పద్ధతి. ఏ పిలుపుకు ఏ వాద్యం వాయించిందీ, ఎంత డబ్బు ముట్టిందీ కూడా గిటారు ప్లేయర్ పత్రికలో తన శీర్షికలో బాహాటంగా రాసేవారు. కాబట్టి ఆరుతీగలు గారూ, మీ మాండలిన్‌ను చూసి మరీ బెదిరిపోకండి.

బెదరవలసింది పేరు విషయంలో. డెట్రాయిట్‌లోని మోటౌన్ రికార్డు సంస్థ పాటలకు ప్రాణం పోసిన ఫంక్ బ్రదర్స్ అనే సెషన్ వాద్యకారుల పేర్లు ఆ సంస్థ ఆల్బమ్ అట్ట మీద అచ్చయింది 1971లో. అప్పటికి వారు పదేళ్లకు పైగా వాయించి ఉన్నారు. పేరు లేకపోవడం గౌరవానికి సంబంధించిన విషయం మాత్రమే కాదు. అమెరికాలో డిజిటల్ రేడియో ప్రసారాల మీద చట్టప్రకారం వచ్చే రాయల్టీలో 5 శాతం పాటలో పనిచేసిన సెషన్ వాద్యకారులకు, సహగాయకులకు వెళుతుంది. మీరు ఆ పాటలో ఉన్నట్టు ఎక్కడా నమోదు కాకపోతే మీ వాటా మీదాకా రావడానికి దారే ఉండదు. నేను వాయించిన పాటల్లో చాలావాటికి ఇప్పుడు నా దగ్గర ఉన్న రుజువు నా చెవులు మాత్రమే. ప్రతి సెషన్ అయిన రోజే తేదీ, పాట, వాయించిన వాద్యాలు, ఎవరు పిలిచారు, ఎంత ఒప్పుకున్నారు అన్నవి రాసిపెట్టుకుని, వాద్యాలు రెండైతే రెండూ విడివిడిగా నమోదు చేయించండి.

సమాధానం: మిక్సింగ్‌గది

పాతటేపు గారి మాటకు చిన్న సవరణ. ఉన్న తీగలతోనే మాండలిన్‌ను గిటారు శ్రుతికి బిగించడానికి ప్రయత్నించకండి. మాండలిన్‌లో అన్నిటికన్నా కింది జత సహజ శ్రుతి G. గిటారు పై నాలుగు తీగల అమరిక కావాలంటే దాన్ని D దాకా, అంటే పంచమం మేర పైకి లాగాలి. తీగ మీద బిగువు రెండింతలు దాటుతుంది. తీగ తెగడం ఖాయం, తీగలను మోసే బ్రిడ్జి చెక్క ఒరిగినా ఆశ్చర్యం లేదు. సన్నని తీగలు మార్చుకున్న తరువాతే ఆ పని చేయాలి.

పైగా పోయేది ఒకటుంది. మాండలిన్ తీగల మధ్య దూరం పంచమం, వయొలిన్‌లో ఉన్నట్టే. అందువల్ల దాని కార్డులలో స్వరాలు దూరదూరంగా పరుచుకుని ఒక మెరుపు వస్తుంది. గిటారు అమరికలో అవే స్వరాలు దగ్గరగా ముడుచుకుంటాయి. నేపథ్యంలో నాలుగు బార్లు వినిపించే మాండలిన్‌కు ఇది ఎవరూ పట్టించుకోరు. పాట దాని మీదనే నడిస్తే మాత్రం తెలిసినవాడు రెండో కార్డుకే పట్టేస్తాడు.

ప్రశ్న అడిగినవారి స్పందన: ఆరుతీగలు

అందరికీ కృతజ్ఞతలు. నా మాండలిన్ పంచమాల శ్రుతిలోనే ఉంది, అలాగే ఉంచుతాను. ఇకపై అడిగినవారికి గిటారు అని ముందు చెప్పి, మాండలిన్, బేస్ కూడా వెంట తెస్తానని చెబుతాను. కీబోర్డు పేరు ప్రస్తుతానికి ఎత్తను. హార్మోనికాను పెట్టెలోంచి తీయాలని మాత్రం మెకాయ్ కథ విన్నాక అనిపిస్తోంది. ఇంకొక్క సందేహం. ఇంటినుంచి రికార్డు చేసి పంపే పని ఒకటి వచ్చింది. గిటారు, మాండలిన్ రెండూ అడిగారు. ఎలా పంపితే అవతలి ఇంజనీరు విసుక్కోకుండా ఉంటారు?

సమాధానం: మిక్సింగ్‌గది

ప్రతి వాద్యాన్నీ విడి ఫైలుగా, వారు చెప్పిన శాంప్లింగ్ రేటులోనే, ఎకో రివర్బ్ ఏమీ లేకుండా పంపండి. మాండలిన్ రెండో చరణంలో మాత్రమే వచ్చినా సరే, దాని ఫైలు పాట మొదటి క్షణం నుంచే మొదలుకావాలి; నిశ్శబ్దం ఎంత ఉంటే అంత ఉండనివ్వండి. అలా అయితే అవతలివాళ్లు అన్ని ఫైళ్లనూ ఎడమ అంచుకు చేర్చగానే పాట కలిసిపోతుంది. ఎలక్ట్రిక్ గిటారు అయితే ఆంప్లిఫయర్ నాదంతోపాటు, గిటారు నుంచి నేరుగా తీసిన శుద్ధమైన ధ్వనిని కూడా మరో ఫైలులో జతచేయండి. ఫైలు పేర్లలో పాట పేరు, వాద్యం, టేక్ సంఖ్య ఉండాలి. "ఫైనల్", "కొత్త ఫైనల్", "అసలు ఫైనల్" అని పంపినవాళ్ల ఫైళ్లు ఇప్పటికీ నా దగ్గర మూడు పడి ఉన్నాయి, వాటిలో ఏది వాడానో నాకే గుర్తు లేదు.