గ్రామీ లాటిన్ అర్బన్ పురస్కారం: ఒకే వరుసగా చూపాలా, రెండుగానా?

నమస్కారం. లాటిన్ అర్బన్ (స్పానిష్‌లో రాప్, రెగెటాన్ వంటి సంగీతం) ఆల్బమ్‌కు ఇచ్చే గ్రామీ పురస్కార చరిత్రను తెలుగులో ఒక పట్టికగా రాస్తూ ఒకచోట ఆగిపోయాను, తెలిసినవారు దారి చూపగలరు. రెగెటాన్ అనే లాటిన్ నృత్య సంగీతం ఊపుమీదున్న రోజుల్లో, 2008లో, ఈ విభాగం విడిగా మొదలై పోర్టోరికోకు చెందిన కాయే త్రేసే బృందానికి, మరుసటి ఏడాది విసిన్, యాందెల్ జంటకు దక్కింది. అంతే, రెండేళ్లకే అది రాక్, ఆల్టర్నేటివ్ సంగీతాలతో కలిసిపోయింది. గ్రామీ విభాగాలను 109 నుంచి 78కి కుదించిన తరువాత 2012లో పాప్‌ను కూడా చేర్చిన ఉమ్మడి పురస్కారం మానా అనే రాక్ బృందానికి వెళ్లింది. 2013 నుంచి మళ్లీ రాక్, ఆల్టర్నేటివ్‌లతోనూ, 2021లో పాప్‌తోనూ కలిసి నడిచి, చివరకు 2022లో 'మూసికా ఉర్బానా' పేరుతో వేరుపడగా గాయకుడు బ్యాడ్ బన్నీ గెలిచారు.

నా పట్టికలో 2009కీ 2022కీ మధ్య పన్నెండు గడులున్నాయి. వాటిలో ఉమ్మడి విజేతలను నింపి మొత్తాన్ని ఒకే పురస్కారంగా చూపడం సబబా, లేక 2022 నుంచి కొత్త పట్టిక మొదలుపెట్టాలా? కాయే త్రేసేలో సగమైన రెసిదెంతే 2025లో ఒంటరిగా గెలిచారు కనుక, అది ఆయనకు ఇదే విభాగంలో ఎన్నో గెలుపని రాయాలన్నది దీనిపైనే ఆధారపడి ఉంది. అలాగే 'మూసికా ఉర్బానా'ను 'నగర సంగీతం' అంటే కృతకంగా వినిపిస్తోంది. అంతకంటే మంచి మాట ఉంటే సూచించగలరు.